హరిలాల్ బాయికాడ

మిర్యాలగూడ, హుజూర్‌నగర్, కోదాడ, సూర్యాపేట. ఈ ఊళ్ళ మధ్య కబడ్డీ కోర్టు ఎక్కడ గీసినా సున్నం ఆరకముందే హరిలాల్‌కు ఫోను వచ్చేది. ఆయన ఆడేవాడు కాదు. ఆడేవాళ్ళ గురించి మైకులో చెప్పేవాడు. ఇరవై రెండేళ్ళుగా చెబుతున్నాడు. కూతకు వెళ్ళినవాడు మధ్యగీత దాటకముందే హరిలాల్ గొంతు దాటేది. పట్టుబడి కిందపడ్డవాడు కూడా దుమ్ము దులుపుకుంటూ, మైకులో తన గురించి ఏం చెబుతున్నాడో విని, ఆ తర్వాతే బయటికి నడిచేవాడు.

ఆ గొంతు బలమంతా మీసంలోనే ఉందని హరిలాల్ నమ్మకం. అందుకు ఆధారం కూడా ఉంది. ఐదేళ్ళ కింద తండ్రి పోయినప్పుడు ఆచారం ప్రకారం తలా మీసం గొరిగించుకున్నాడు. ఆ నెలలోనే కోదాడలో పోటీలు. ఆయన మైకు పట్టుకొని "ప్రేక్షక మహాశయులారా" అనగానే జనం మైకు చెడిపోయిందనుకొని సౌండు పెట్టెల వైపు తిరిగారు. ఆ రెండు రోజులూ మూతికి తువ్వాలు చుట్టుకొని నెట్టుకొచ్చాడు. మీసం మళ్ళీ పెరిగి, రెండు కొసలూ పైకి తిరిగాక గానీ గొంతు దారికి రాలేదు.

కబడ్డీ ఏడాదిలో రెండు నెలలే. మిగతా పది నెలలు ఆయన తండా పక్కన, తన బావి దగ్గర మంచం మీద గడిపేవాడు. బావి దగ్గర అన్నాను గానీ అక్కడ ఎవరూ అలా అనరు, బాయికాడ అంటారు. ఆ మాట చెవిన పడితే ఎవరికీ నీళ్ళు గుర్తుకు రావు. తుమ్మచెట్టు నీడ, మోటారు కొట్టం, మూడు రాళ్ళ పొయ్యి, దాని మీద ఉడుకుతున్న మాంసం గుర్తుకొస్తాయి. "ఆదివారం మా బాయికాడ" అంటే చాలు, దావత్ అని వేరే చెప్పక్కర్లేదు.

ఆ మంచం మీద పడుకొని ఫోను చూస్తూ ఉంటే హరిలాల్‌కు ఒకరోజు తెలిసొచ్చింది, ఏడాది పొడుగునా ఆట నడిచే చోటు ఒకటుందని. ఫేస్‌బుక్కులో న్యాయం కోసం జనం కొట్టుకుంటున్నారు. పొద్దున ఒకరికి అన్యాయం జరుగుతుంది, మధ్యాహ్నానికి అందరూ ఖండిస్తారు, సాయంత్రానికి ఖండించనివాళ్ళను ఖండిస్తారు, మర్నాటికి ఆ మొదటి మనిషి పేరు ఎవరికీ గుర్తుండదు. హరిలాల్ ఫోనును మోటారు గొట్టానికి కట్టి, దానికి కామెంట్రీ చెప్పడం మొదలుపెట్టాడు. ఛానెల్‌కు "గీత దాటని కూత" అని పేరు పెట్టాడు.

"న్యాయం జట్టు నుంచి తమ్ముడు కూతకు బయల్దేరిండు. ఫొటో నల్లగ మార్చిండు, ఒక పాయింటు. మీరెందుకు మాట్లాడుతలేరని పక్కోన్ని అడిగిండు, రెండు పాయింట్లు. పక్కోడు భయపడి తన ఫొటో కూడ నల్లగ జేసిండు, మూడు. కాలు జూస్తిమా, కాలు సోఫా మీద్నే ఉన్నది. గీత దాటలే, ముట్టలే, మళ్ళి రాలే. గెలిచిన్నని మాత్రం తొడగొట్టుకుంటున్నడు."

జనం విరగబడి చూశారు. ఫొటోలు నల్లగా మార్చినవాళ్ళు కూడా చూశారు.

అంతవరకు బాగానే ఉంది. గౌరయ్య చాయ్ దగ్గర చిక్కొచ్చి పడింది.

గౌరయ్యది సూర్యాపేట బస్టాండు దగ్గర చాయ్ డబ్బా. మురుగుకాల్వ పని జరుగుతుందని డబ్బాను వెనక సందులోకి జరపాల్సి వచ్చింది. సందులోకి ఎవరు వస్తారు? గిరాకీ పడిపోయింది. సూర్యాపేటలోనే ప్రైవేటు బడిలో ఇంగ్లీషు చెప్పే ప్రవళిక అనే అమ్మాయి సంగతి తెలుసుకొని తన పేజీలో పిలుపు ఇచ్చింది. గౌరయ్యకు తోడుగా అందరూ ఖాళీ చాయ్ గ్లాసు బోర్లించి ఫొటో పెట్టాలి. ఏడు వేల మంది పెట్టారు. బెంగళూరు నుంచి పెట్టారు, దుబాయి నుంచి పెట్టారు. ఇంట్లో గాజు గ్లాసు లేక స్టీలు చెంబు బోర్లించి పెట్టినవాళ్ళూ ఉన్నారు.

హరిలాల్ గౌరయ్యకు ఫోను చేసి, ఆ రోజు ఎన్ని చాయ్‌లు అమ్ముడుపోయాయో అడిగాడు. పదకొండని చెప్పాడు గౌరయ్య. ఇక హరిలాల్‌ను పట్టడం ఎవరి తరం? ఏడు వేల గ్లాసులకు పదకొండు చాయ్‌లా అని అరగంట కామెంట్రీ చెప్పాడు. చివర్లో ఊపులో మీసం మెలేసి ఒక మాట అనేశాడు.

"మీ పోస్టు సూసి పది మంది, ఒక్క పది మంది, లేసి పది అడుగులు నడిస్తె ఈ హరిలాల్ మీసం గొరిగించుకుంటడు. రాసిపెట్టుకోండ్రి."

రాసిపెట్టుకున్నారు.

ప్రవళికకు ఒళ్ళు మండింది. తనేమో బడి అయ్యాక ఎండలో తిరిగి గౌరయ్య ఫొటో తీసి, కష్టం రాసి, అంతమందిని కదిలించింది. మంచం దిగని మనిషి ఎగతాళి చేస్తున్నాడు. శుక్రవారం సాయంత్రం కోదాడలో మేనత్త ఇంటికని బస్సెక్కి కూర్చుంది. ఫోనులో మూడు శాతం చార్జింగ్ ఉంది. కుదుపుల్లో టైపు చేయడం కుదరక, ఫోను నోటి దగ్గర పెట్టుకొని చెప్పింది. ఈ ఆదివారం నుంచి హరిలాల్ బాయ్‌కాట్, మన గౌరయ్య కోసం అందరం ఒక్కటవుదాం, ఇంటిల్లిపాదికీ చెప్పండి, ఒక్కరు కూడా తప్పొద్దు అంది. నలభై గ్రూపులకు పంపింది. ఫోను ఆగిపోయింది.

ఆ ఫోను అంతకుముందు రెండేళ్ళు వాళ్ళ నాన్న వాడాడు. ఆయన ప్రతి శనివారం దోస్తులకు దానిలోనే చెప్పేవాడు, రేపు ఎవరి బాయికాడో. ఫోనుకు బాయ్‌కాట్ అంటే తెలియదు. తెలిసిన మాటే రాసుకుంది.

"మిత్రులారా ఈ ఆదివారం మంచిగ హరిలాల్ బాయికాడ మన గౌరయ్య కోసం అందరం ఒక్కటవుదాం ఇంటిల్లిపాదికి చెప్పండి ఒక్కరు కూడా తప్పొద్దు."

కోదాడలో చార్జింగ్ పెట్టి చూసుకునేసరికి అది ఆమె చేయి దాటిపోయింది. ఎవరో పుణ్యాత్ముడు పక్కన కోడికాలు బొమ్మ పెట్టి, కింద తండాకు దారి చూపించే లింకు కూడా చేర్చాడు. ప్రవళిక కంగారుగా "బాయికాడ కాదు, బాయ్‌కాట్" అని మళ్ళీ పంపింది. అయితే ఫంక్షన్ హాలుకు మార్చారా అని ముప్ఫై మంది అడిగారు. ఆమె విసుగొచ్చి, హరిలాల్‌ను వెలివేయండని విడమరచి రాసింది. అది ఎవరూ పూర్తిగా చదవలేదు. అది పొడుగ్గా ఉంది, కోడికాలు లేదు.

ఇదేమీ హరిలాల్‌కు తెలియదు. శనివారం పొద్దున్నే ఆయనకు కోదాడ నుంచి సాంసన్ సారు ఫోను వచ్చింది. సాంసన్ బడిలో ఆటలు నేర్పే సారు, కబడ్డీ పోటీల కమిటీకి పెద్ద. ఆ అమ్మాయి బాయ్‌కాట్ చేయిస్తానంటోందని తన చెవిన పడిందట. కమిటీవాళ్ళు భయపడుతున్నారట. హరిలాల్ మైకు పడితే జనం రారేమోనని, ఈసారికి వేరేవాళ్ళకు ఇద్దామంటున్నారట. ఆదివారం స్వయంగా వచ్చి మాట్లాడతానని, ఏమీ అనుకోవద్దని చెప్పి పెట్టేశాడు.

హరిలాల్ ఫోను బంద్ చేసి మంచం కింద పడేశాడు. ఇరవై రెండేళ్ళలో ఆయన మైకు లేకుండా చూసిన పోటీ ఒక్కటీ లేదు. అసలు మైకు లేకుండా కబడ్డీ ఎలా చూడాలో కూడా తెలియదు. ఆ రోజంతా ఇంట్లో గోడకు తిరిగి పడుకున్నాడు.

ఆయన తల్లి పుష్పాబాయికి ఇవేవీ తెలియవు. ఆమె అరవై దాటాక తండాలో అక్షరాల బడికి వెళ్ళింది. అప్పటినుంచి కళ్ళబడ్డది చదవకుండా వదిలేది కాదు. సబ్బు కాగితం, బస్సు బోర్డు, యూరియా బస్తా, అన్నీ పైకే చదివేది. శనివారం మధ్యాహ్నం తండా ఆడవాళ్ళ గ్రూపులోకి ఆ పోస్టు వచ్చింది. వేలు పెట్టి కూడబలుక్కుంది. హ, రి, లా, ల్. బా, యి, కా, డ. మళ్ళీ చదివింది. తప్పు లేదు. కొడుకు ఇన్నాళ్ళకు నలుగురికి అన్నం పెడుతున్నాడు, తల్లికి చెప్పకుండా ఆశ్చర్యపరచాలని చూస్తున్నాడు. అందుకే కాబోలు గోడకు తిరిగి పడుకున్నది, ముఖం చూస్తే నవ్వు ఆగదని. ఆమె కూడా ఏమీ తెలియనట్టే ఉండి, మేకలు కాసే మంగ్త్యాను పిలిచి, తెల్లారగానే మందలోంచి రెండు పోతుల్ని కోయమని చెప్పింది.

ఆదివారం పొద్దున హరిలాల్ లేచేసరికి బావి వైపు నుంచి పొగ లేస్తోంది. మోటారు కాలిపోయిందేమోనని ఉరికాడు. తుమ్మచెట్టు కింద నాలుగు పొయ్యిలు, తండా ఆడవాళ్ళు జొన్నరొట్టెలు కొడుతున్నారు. ఆయన అడిగేలోపే హుజూర్‌నగర్ నుంచి మూడు ఆటోలు దిగాయి. దిగినవాళ్ళు దండం పెట్టి బండ్లు ఎక్కడ పెట్టుకోవాలన్నారు. వెనకే హాలియా నుంచి వ్యాను వచ్చింది. వాళ్ళు ఇక్కడ తిని సాగర్ డ్యాము చూసిపోదామని ప్లాను వేసుకున్నారట, కొంచెం తొందరగా వడ్డించమన్నారు. మిర్యాలగూడ నుంచి వచ్చిన జంట గోడ గడియారం కాగితంలో చుట్టి తెచ్చారు. చేతిలో పెడుతూ, ఇంతకూ ఫంక్షన్ ఏమిటని, పిల్లల పుట్టువెంట్రుకలా అని అడిగారు. హరిలాల్ చేయి తనకు తెలియకుండానే మీసం మీదికి పోయింది.

తల్లి దగ్గరికి వెళ్ళి, వాళ్ళ భాషలో అమ్మను పిలిచినట్టే పిలిచాడు.

"యాడీ, ఎవలు వీళ్ళంత?"

"నన్నడుగుతవేంది? పిలిసింది నువ్వు," అంది పుష్పాబాయి, అల్లం దంచుతూ. "జర మందిని తక్కువ పిలవాల్సుండె. సెరువులెక్క పులుసు పెట్టాల్సొస్తున్నది."

పదకొండు గంటలకల్లా మూడు వందల మంది అయ్యారు. చేను గట్ల మీద కూర్చున్నారు, మోటారు కొట్టం ఎక్కి కూర్చున్నారు. పిలవకుండానే పనులు పంచుకున్నారు. పోస్టు చూసి గౌరయ్య కూడా వచ్చాడు, తన కోసమే అందరూ ఒక్కటవుతున్నారని రాసి ఉంది కదా. స్టవ్వు, గిన్నెలు, రెండు క్యాన్ల పాలు ఆటోలో వేసుకొని దిగి, బావి గట్టు మీద కొట్టు పెట్టేశాడు. అన్నం ఆలస్యమయ్యేకొద్దీ చాయ్ గిరాకీ పెరిగింది. గంటలో పాలు అయిపోతే తండాలో బర్రెలు పిండించారు.

సాంసన్ సారు మోటారు సైకిలు దిగి, హెల్మెటు తీయడం మరిచిపోయి నిలబడ్డాడు.

"ఏంటండీ హరిలాల్ గారూ, మీరొస్తే జనం రారన్నారు మావాళ్ళు. పోటీలకు కూడా ఇంతమంది రారు కదండీ."

హరిలాల్‌కు అప్పటికి ఎవరో ఫోనులో పోస్టు చూపించారు. మూడుసార్లు చదివాడు. సంగతి అర్థమయ్యాక లోపల్నుంచి నవ్వు పొంగింది. ఆ అమ్మాయి తనను వెలివేయబోయి ఊరేగించింది. మీసం కొసలు రెండూ సర్దుకొని, సాంసన్ సారుకు మంచం చూపించి, మైకు సంగతి తిన్నాక మాట్లాడుకుందామని దర్జాగా చెప్పాడు.

ఆ దర్జా పావుగంట ఉంది. ప్రవళిక వచ్చింది.

జరిగిన తప్పు జనానికి చెప్పి వెనక్కి పంపుదామని ఆమె కోదాడ నుంచి ఆటోలో వచ్చింది. తీరా దిగితే, పోస్టు పెట్టిన అమ్మాయి ఈమేనని అందరూ చుట్టుముట్టి, మంచి దావత్‌కు పిలిచావమ్మా అని మెచ్చుకున్నారు. ఒక ముసలావిడ బుగ్గలు నొక్కింది. బాయ్‌కాట్ అని ఆమె అరిచినప్పుడల్లా, అవును బాయికాడే, కూర్చో బిడ్డా అని విస్తరి చూపించారు. కాసేపటికి ఆమె అరవడం మానేసి జనాన్ని లెక్కపెట్టడం మొదలుపెట్టింది. ఆమె ముఖంలో వెలుగు వచ్చింది. నేరుగా మంచం దగ్గరికి నడిచింది.

"అంకుల్, పది మంది లేసి పది అడుగులు నడిస్తే అన్నరు. గీడ మూడు వందల మంది ఉన్నరు. హాలియా నుంచి కూడ వచ్చిండ్రు."

హరిలాల్ పొయ్యిల వైపు చేయి చూపించాడు.

"గీళ్ళు న్యాయం కోసం రాలే బిడ్డా, మటన్ కోసం వచ్చిండ్రు."

"మీరు పోస్టు అన్నరు. దేనికోసం అనేది చెప్పలే. వీడియో నా ఫోన్ల ఉన్నది, పెట్టమంటరా?"

పెట్టింది. తన గొంతే తన బావి దగ్గర ఖంగుమని మోగింది. రాసిపెట్టుకోండ్రి అన్న ముక్క దగ్గర జనం చప్పట్లు కొట్టారు. హరిలాల్‌కు ఇంకో దారి దొరకలేదు. మంచం మీద కూర్చుని ఎవరైనా పోస్టులు పెట్టగలరన్నాడు.

"మరి మీరు ఏడ కూసోని కామెంట్రీ చెప్పిండ్రు?" అని అడిగింది ప్రవళిక. "గౌరయ్య చాయ్ మీరెప్పుడన్న పోయి తాగిండ్రా?"

అందరూ గౌరయ్య వైపు చూశారు. ఆయన చాయ్ వడపోస్తూ తలెత్తకుండానే చెప్పాడు.

"సారు రాలే. ఫోన్ జేసిండు. ఫోన్ల మాట్లాడుతుంటె పదకొండో చాయ్ పొంగిపోయింది. పదకొండుల ఒకటి తీసెయ్యుండ్రి, పదే."

నవ్వులు బావి లోపల కూడా మోగాయి. హరిలాల్ సాంసన్ వైపు చూశాడు, కాపాడతాడేమోనని. సాంసన్ గొంతు సవరించుకున్నాడు.

"మాట మాటేనండీ. మైకులో అన్నమాట మీదే నిలబడకపోతే, రేపు మీరు పాయింటు చెప్తే ఎవరు నమ్ముతారు? మీసం తీయించుకుంటే మైకు మీదే. లేకపోతే నేను కమిటీకి ఏం చెప్పుకోను?"

మీసం ఉంటే మైకు లేదు. మీసం పోతే మైకు ఉంటుంది, గొంతు ఉండదు. మూతికి తువ్వాలు చుట్టుకున్న ఆ రెండు రోజులు హరిలాల్ కళ్ళ ముందు తిరిగాయి. అయినా మైకు వదలలేడు. దావత్‌కు వచ్చినవాళ్ళలో మంగలి పరశురాములు ఉన్నాడు. ఆయన సంచి ఎప్పుడూ బండికే ఉంటుంది. హరిలాల్ తువ్వాలు మెడకు చుట్టుకొని, కళ్ళు మూసుకొని, మంచం మీద కూర్చున్నాడు. పరశురాములు సబ్బు నురగ పట్టించి కత్తి తీశాడు.

"ఆగు."

పుష్పాబాయి చేతిలో గరిటెతో వచ్చింది.

"నేను బతికే ఉన్న గద. నేను బతికుండంగ ఎవల పేరు మీద తీస్తవ్ మీసం?"

ఆమె అన్నదాంట్లో తప్పేమీ లేదు. తల్లి కళ్ళ ముందు తిరుగుతూ ఉండగా కొడుకు మీసం తీయడమేమిటి? పరశురాములు కత్తి వెనక్కి తీసుకున్నాడు. తల్లి ఉసురు తన కత్తికి వద్దన్నాడు. సాంసన్ సారు తాము ప్రార్థన చేసేవాళ్ళమని, ఈ లెక్కలు తనకు తెలియవని పక్కకు జరిగాడు. ప్రవళిక కూడా కొంచెం ఇబ్బందిపడి, పోనీ వదిలేద్దాం అవ్వా అంది.

వదిలేస్తే మాట పోతుంది, మాట పోతే మైకు పోతుంది. హరిలాల్ నురగ మూతితోనే తల్లి చేయి పట్టుకున్నాడు.

"యాడీ, మైకు లేకుంటె నేను బతకలేనే."

పుష్పాబాయి గరిటె నడుముకు దోపుకుంది. ఆమె కూడా కొడుకు చిన్నప్పుడు తండా పిల్లల్ని ఆడించి పాయింట్లు చెప్పిన మనిషే. కబడ్డీ నియమాలు ఆమెకు తెలుసు.

"పోస్టు సూసి మంది వచ్చిండ్రా, వచ్చిండ్రు. పోరికి ఒక పాయింటు. మటన్ కోసం వచ్చిండ్రా, గదీ నిజమే. నా కొడుక్కు ఒక పాయింటు. బరాబర్." హరిలాల్ గడ్డం పట్టుకొని ఎడమకు తిప్పింది. "గీ ఎడమ మీసం మీ నాయినది. ఒకసారి ఇచ్చినం, మళ్ళొకసారి ఇస్తే ఏమనడు. తియ్యి. గీ కుడిది నాది. నేను పోయినంకనే. దీన్ని ముట్టుకున్నోని చెయ్యి పులుసుల ఏస్త."

పరశురాములు ఎడమ సగం గీసేశాడు. అంత శ్రద్ధగా ఆయన పెళ్ళికొడుక్కు కూడా చేయలేదు. ముక్కు కింద గీత గీసినట్టు మధ్యకు ఆపాడు. కబడ్డీ కోర్టులా ఉందని సాంసన్ సారు అనగానే ప్రవళికకు నవ్వు ఆగలేదు. నవ్వుతూనే ఫొటో తీసి పెట్టింది. ఈసారి నోటితో చెప్పలేదు, వేలితో ఒక్కో అక్షరం చూసుకొని టైపు చేసింది. ఆ తర్వాత అందరూ తిన్నారు. పులుసు నిజంగానే చెరువులా ఉంది. హాలియా వాళ్ళు తొందరగా లేచి సాగర్‌కు పోయారు. గడియారం తెచ్చిన జంట, ఇది ఏ ఫంక్షనో చివరిదాకా అర్థం కాకపోయినా, ఫొటో దిగి వెళ్ళారు.

కోదాడ పోటీలకు ఆ ఏడు జనం తోసుకుంటూ వచ్చారు. సగం మంది ఆట కోసం, సగం మంది సగం మీసం కోసం. హరిలాల్ మైకు పట్టుకొని ముందు భయంభయంగా "ప్రేక్షక మహాశయులారా" అన్నాడు. కుడివైపు కూర్చున్నవాళ్ళకు గొంతు బ్రహ్మాండంగా వినపడింది. ఎడమవైపు వాళ్ళు ఏమీ వినపడడం లేదని చేతులూపారు. అది నిజమో వెక్కిరింతో ఆయనకు తెలియలేదు. ఆట నడిచినంతసేపూ తల అటూ ఇటూ తిప్పుతూ చెప్పాడు.

మైదానం గేటు దగ్గర గౌరయ్య చాయ్ పెట్టాడు. సాంసన్ సారు పిలిపించాడు. ఆట మధ్య విరామంలో హరిలాల్ మైకు చేతిలోనే పట్టుకొని, వైరు ఎంత దూరం వస్తే అంత దూరం గేటు వైపు నడిచాడు. వైరు అయిపోయిన చోట మైకు కింద పెట్టి, మిగతా దూరం ఉత్త మనిషిగా నడిచి చాయ్ అడిగాడు. అక్కడ ప్రవళిక తన పదిమందితో ఉంది. వాళ్ళలో ఒకమ్మాయి గ్లాసు బోర్లించి ఫొటోకు ఎత్తి పట్టుకుంది.

"తాగినంక బోర్లియ్యి తల్లీ," అన్నాడు గౌరయ్య. "కింద పోతున్నది."

హరిలాల్ తాగి, గ్లాసు బోర్లించి, తన ఫోను ప్రవళిక చేతికిచ్చి ఫొటో తీయమన్నాడు. ఏ వైపు తీయాలని అడిగింది ఆమె.

మొదటి వరుసలో కూర్చున్న పుష్పాబాయి అక్కడినుంచే కేకేసింది, తనది పడేటట్టు తీయమని.